వెతికితే దొరికే పేరు

మే 6, మంగళవారం

అమృత ఎందుకు చెప్పకుండా వెళ్ళిపోయింది?

ఏళ్ళ తరబడి ఈ ప్రశ్న నాతోనే ఉంది. రోజూ దాన్నే తలుచుకుంటూ కూర్చున్నానని కాదు. గిన్నెలు తోముతున్నప్పుడో, రైల్లో కిటికీ పక్క సీటు దొరికినప్పుడో అదే వచ్చి నా పక్కన కూర్చునేది. సిడ్నీ ల్యాబ్‌లో నా పక్క బల్ల ఆమెది. ఒక శుక్రవారం, "అక్కా, సోమవారం మా అత్తయ్య చేసిన కాజాలు తెస్తా" అని బ్యాగు తగిలించుకుని వెళ్ళింది. సోమవారం బల్ల ఖాళీ. "ఇంట్లో ఏవో కారణాలట" అన్నాడు మా మేనేజర్ బ్రెట్. ఆమె ఫోన్ నంబరు కూడా మారిపోయింది.

ఇవాళ నా లాయరు డయాన్ అవతలివాళ్ళ జవాబు పంపింది. ఆ ఇంగ్లిషు ఎన్నిసార్లు చదివినా లోపలికి దిగదు. ఒక్క వాక్యం మాత్రం మొదటిసారికే దిగింది: బ్రెట్ మీద ఇంతవరకూ ఏ ఫిర్యాదూ, ఎవరి నుంచీ, ఎన్నడూ రాలేదు.

ఏ. ఎవరి. ఎన్నడూ.

చదువుతుంటే ఆ ఖాళీ బల్ల గుర్తొచ్చింది. ఎందుకో తెలీదు. తెలుసేమో.

మే 8, గురువారం

మా ఆయన ఉమర్ తన మాంసం, కిరాణా షాపు కట్టేసి వచ్చి నా పక్కన కూలబడ్డాడు. డైరీ లాక్కుని తిరగేశాడు. హైదరాబాదులో పుట్టి పెరిగినవాడు, తెలుగు గడగడా మాట్లాడతాడు, ఒక్క అక్షరం చదవలేడు.

"దీంట్ల నా గురించి ఏం రాసినవ్? చదువు జర."

"'ఇవాళ ఉమర్ నాకు చాయ్ పెట్టి ఇచ్చాడు' అని రాశా."

"నేను పెట్టలే గద?"

"పెడతావని రాశా."

నవ్వుతూ లేచి వెళ్ళి పెట్టాడు. కప్పు నా చేతికిచ్చాక నవ్వు తగ్గింది. "షాపుల ఇయ్యాల ఒకాయన అడిగిండు. భాభీ కోర్టుకు పోయిందంట గదా, అని. మాంసం కొట్టుకుంట నేనేం చెప్పాలె?"

"అవునని చెప్పు."

"అంతేనా?"

"అంతే."

అంత గట్టిగా అన్నాను. పడుకుని గోడవైపు తిరిగాక గట్టితనం ఎటుపోయిందో.

మే 9

డయాన్ మళ్ళీ మొదటినుంచి చెప్పమంది. హియరింగ్‌లో అవతలి బారిస్టరు ఇలాగే అడుగుతాడట, అలవాటు కావాలట.

శాంపిళ్ళు పెట్టే కోల్డ్ రూమ్. తలుపు లోపలినుంచి కూడా తెరుచుకుంటుంది, అది వాళ్ళ వాదన. నిజమే, తెరుచుకుంటుంది. తలుపుకీ నాకూ మధ్య బ్రెట్ నిలబడి ఉన్నాడు, అది నా మాట. అతని చేతులు ఎక్కడున్నాయో అఫిడవిట్‌లో ఒకసారి రాశాను. ఇక్కడ రాయను. ఈ కాగితాన్ని వదిలేద్దాం పాపం. పైవాళ్ళకు ఫిర్యాదు చేశాక కొద్ది రోజులకే నా పోస్టు ఇక అవసరం లేదని తేల్చారు.

నేనే తప్పుగా అర్థం చేసుకున్నానేమో అని ఇంకా అప్పుడప్పుడు అనిపిస్తుంది. వాళ్ళు రాసిన మాట కూడా అదే: 'అపార్థం'. నా సందేహం వాళ్ళకెలా తెలిసింది?

చివర్లో డయాన్ అడిగింది, నీకు ముందు ఇంకెవరైనా ఉన్నారేమో గుర్తుచేసుకోమని. ఉంటే కేసు బలం వేరట. కంపెనీ పేరు మీద తను వెతికిందట, నా కేసు తప్ప ఏమీ రాలేదట.

మే 13, మంగళవారం

ఆస్ట్రేలియా ఫెడరల్ కోర్టుల వెబ్‌సైటులో ఎవరి పేరైనా వెతకొచ్చు. నేను నా ఫైలు చూసుకుందామనే తెరిచాను. వేరే ఉద్దేశం లేదు.

షేక్ అని కొట్టాను. పేజీల కొద్దీ షేకులు. వీసాల షేకులు, దివాలా తీసిన షేకులు, టాక్సు షేకులు. సగం గుంటూరు జిల్లా ఇక్కడే కోర్టుకెక్కినట్టుంది. అందులో నేను ఎక్కడో. రాత్రి భోజనాల దగ్గర ఆ మాటే చెప్తే ఉమర్ ముఖం వెలిగింది. "మంచిదే గద! గుంపుల గోవిందా!"

"ఉమర్, నువ్వు గోవిందా అంటే మీ అమ్మీ లేచి వచ్చి తంతుంది."

రుక్సార్ ఫోన్ మీంచి తల ఎత్తలేదు. "మమ్, ఇట్స్ పబ్లిక్. ఎవ్రీ పేజ్ ఆఫ్ ఇట్." యూనిలో లా చేరినప్పటినుంచి ఇంట్లో దానిదే ఆఖరి మాట.

అందరికీ కనిపించేదైనా అన్నీ కనిపించవు. పార్టీల పేర్లు, తేదీలు, ఎవరు ఏం దాఖలు చేశారో ఆ జాబితా, అంతే. ఆ కాగితాల్లో ఏముందో కావాలంటే కోర్టు రిజిస్ట్రీని అడగాలి. తలుపు మీద పేరుంటుంది, తలుపు తెరుచుకోదు.

మే 14

ఇవాళ వెబ్‌సైటు తెరవలేదు.

మే 15

నిన్న తెరిచాను. ఒక్కసారే. రావ్ అని కొట్టాను. ఆఫీసులో అమృతని అందరూ 'ఏమీ (Amy) రావ్' అనేవాళ్ళు. 'రావ్' ఆమె భర్త సుమంత్ పేరులోది, 'ఏమీ' బ్రెట్ పెట్టింది. నన్ను టెస్ చేసింది కూడా అతనే. తబస్సుం అనడానికి నోరు తిరగదట. మూడు అక్షరాలు, ఒక సున్నా.

ఏమీ రాలేదు. మంచిదే.

మే 18, ఆదివారం

ఇది జరిగింది జరిగినట్టే రాయాలి.

మధ్యాహ్నం బట్టలు మడతపెడుతూ ఫోన్‌లో అమృత అని కొట్టాను. ఎ, ఎం, ఆర్, ఐ, టి, ఎ. లేదు. నవ్వొచ్చింది నాకే. ఆ స్పెల్లింగు ఉత్తరాదివాళ్ళది. మనం ఋ ని 'రు' అంటాం, త కి వెనక హెచ్ తగిలిస్తాం. హెచ్ లేకపోతే అది 'ట' అయిపోతుందని మా నరసరావుపేట స్కూల్లో మాస్టారు వేళ్ళ మీద కొట్టి నేర్పారు. మళ్ళీ కొట్టాను. ఆర్, యు, టి, హెచ్.

ఒకటే వచ్చింది.

ఇంటిపేరు ఉండాల్సిన చోట అమృత. పేరు ఉండాల్సిన చోట ఆకెళ్ళ నాగ. తలకిందులు. మన లెక్కలో ఇంటిపేరు ముందు, వీళ్ళ లెక్కలో చివర. పాస్‌పోర్టులో ఉన్న వరస ఉన్నట్టే ఎవరో ఎక్కించేశారు. అందుకే కేసు పేరు 'అమృత వర్సెస్'. తండ్రి పేరూ కాదు, మొగుడి పేరూ కాదు. పిలుపు పేరే.

వర్సెస్ ఎవరు? ఆ కంపెనీ పేరు నేను ఎరగను. ఎరగనని కూడా అనలేను, ఎక్కడో చూశాను. ల్యాబ్ ఆ తరువాత చేతులు మారింది కదా. గరాజ్‌లోకి వెళ్ళి ఇల్లు తుడిచే గుడ్డల సంచి దులిపాను. పాత ల్యాబ్ కోటు, జేబు మీద నీలం దారంతో కుట్టిన పాత కంపెనీ పేరు. అదే.

తరువాత కాలర్ తిప్పాను. లాండ్రీలో కోట్లు కలిసిపోతున్నాయని మేమిద్దరం కాలర్ లోపల మార్కర్‌తో గుర్తు పెట్టుకునేవాళ్ళం. ఇంగ్లిషులో రాస్తే ఇంకెవరైనా అదే అక్షరం రాస్తారని తెలుగులో. నేను 'త', ఆమె 'అ'. ఆ ల్యాబ్‌లో అవి చదవగలిగింది మేమిద్దరమే.

ఈ కోటు మీద 'అ' ఉంది.

ఇన్నాళ్ళూ నా కోటనుకుని ఆమె కోటుతో ఇల్లు తుడవబోయాను.

మే 19

ఫైల్లో ఆఖరి వరస: ఉపసంహరణ. తేదీ, ఆమె వెళ్ళిపోయిన ఏడాదే.

మే 20, మంగళవారం

డయాన్ కుర్చీలోంచి లేచి నిలబడింది. ఎప్పుడూ అలా లేవదు.

ప్రతివాదుల్లో రెండో పేరు బ్రెట్‌ది, ఇంటిపేరులో ఒక అక్షరం తప్పుపడింది, అందుకే అతని పేరు కొట్టినా ఇది రాలేదు. అంటే 'ఎన్నడూ రాలేదు' అన్నది పచ్చి అబద్ధం. నువ్వెలా పట్టుకున్నావు, నువ్వు ఫోన్లో చెప్పిన 'ఏమీ రావ్' పేరుతో కూడా మా వాళ్ళు వెతికారు, అంది. ఒక హెచ్ వల్ల అన్నాను. అర్థం కాలేదు. కాగితం మీద రాసి చూపించాను. 'త' ఒకటి ఉంటుందని, 'ట' ఒకటి ఉంటుందని, రెండూ పలికి వినిపించాను. ఆమె పలికింది. రెండూ 'ట' నే అయ్యాయి.

రిజిస్ట్రీకి ఇవాళే రాసి అమృత వేసిన దరఖాస్తు నకలు తెప్పిస్తానంది. అందుకు ఆమె అనుమతి అక్కర్లేదట.

"ఆగు" అన్నాను.

ఎందుకు అంది. నా అఫిడవిట్ ఎవరైనా నాకు తెలియకుండా తెప్పించుకుని, టీ తాగుతూ చదివితే? ఆ మాట ఇంగ్లిషులోకి రాలేదు. "వారం రోజులు" అన్నాను అంతే.

మే 24, శనివారం

అవతలివాళ్ళు రాజీకి పిలిచారు. కేసు వెనక్కి తీసుకుంటే పరిహారం, చక్కటి రిఫరెన్సు. జరిగింది ఇద్దరూ ఎక్కడా ఎత్తకూడదు. ఇంకో దయ కూడా: ఫైలు మీద నా పేరు తీసి ఉత్త అక్షరాలు పెట్టమని కోర్టుని కలిసి అడుగుదామట. జూన్ 20 దాకా గడువు.

ఉమర్ ఆ ఉత్తరాన్ని మడిచి బల్ల మీద పెట్టాడు. తరువాత మెల్లగా, "తబస్సుం, నేను నమ్మిన. మొదటి దినం నుంచి నమ్మిన. కానీ నువ్వు రేపు ఉద్యోగానికి పోతే వాళ్ళు నీ పేరు కొడ్తరు. ఇదే వస్తది. ఆలోచించు" అన్నాడు.

అది భయం కాదు, లెక్క. అతని లెక్క తప్పని నేను అనలేను. అందుకే కోపం వచ్చింది.

పేరు తీసేస్తే ఇకముందు ఆ ల్యాబ్‌లో ఇంకో అమ్మాయి నా పేరు కొడితే ఏమీ రాదు. మంచిదే, అనుకుంటుంది, నాలాగే.

జూన్ 7, శనివారం

బక్రీద్. సిడ్నీ శివారు ద పాండ్స్‌లో ఉమర్ అక్క సయీదా ఆపా ఇంట్లో భోజనాలు. వంటింట్లో ఆడవాళ్ళమంతా ఉన్నప్పుడు ఆపా ఉల్లిపాయలు తరుగుతూనే మొదలుపెట్టింది.

"తబస్సుం, నీ పేరు కొడ్తే ఏదో కోర్టుది వస్తదట గద. మా సాజిద్ చూపించిండు."

"షేక్ అని కొడితే కుప్పలు కుప్పలు వస్తారాపా. అందులో నేనెవరో ఎలా కనిపెట్టాడు?"

"కంపెనీ పేరు కలిపి కొట్టిండు."

"పాపం, పండగ పూట పిల్లాడికి ఎంత పని పెట్టావు!"

ఎవరో కిసుక్కుమన్నారు. ఆపా కత్తి కింద పెట్టింది. "ఇజ్జత్ ఉన్న ఇంటి ఆడది కోర్టుల పేరు రాయించుకుంటదా?"

"ఇజ్జత్ ఉంది కాబట్టే రాయించుకున్నా. లేకపోతే ఏం పోయిందని రాయించుకుంటా? అదే పేజీలో ఒక మగాడి పేరు కూడా ఉందాపా. అది చదివి వినిపించలేదా సాజిద్?"

ఆపా కత్తి మళ్ళీ అందుకుని ఇంకో ఉల్లిపాయ సగానికి కోసింది. కారులో ఉమర్ అడిగాడు, "ఏమైంది, ఆపా చేతితోని గోష్ కూర పెట్టలే నీకు?" నేను చెప్పలేదు.

ఆపా ముందు భలే మాట్లాడాను. ఇంటికొచ్చి స్నానం చేస్తుంటే వేరే ఆలోచన వచ్చింది. సాజిద్ నన్ను వెతికాడు. నేను అమృతని వెతికాను. అతనికి ఫోన్‌లో కంపెనీ పేరు తెలిసింది, నాకు తెలుగు తెలిసింది. తేడా ఎక్కడ?

డయాన్‌కి చెప్పిన వారం ఎప్పుడో అయిపోయింది.

జూన్ 8

అమృత కాజాల డబ్బా మీద వాళ్ళ అత్తయ్య పేరు వేలితో రాసి చూపించేది, 'సీతారావమ్మ బ్రాండ్, మార్కెట్లో దొరకదు' అని. ఇప్పుడు దొరుకుతోంది. ఫేస్‌బుక్‌లో 'సీతారావమ్మ పిండివంటలు, హారిసన్, కాన్‌బెర్రా'. ఫొటోలో కాజాల పళ్ళెం వెనక ఒక భుజం, ఒక జడ. ఆ జడ నాకు తెలుసు.

ఫోన్ చేశాను.

"ఎన్ని కేజీలండీ?" అన్నారు పెద్దావిడ.

"రెండు."

"సిడ్నీ నుంచి రెండు కేజీల కోసం వస్తారుటండీ? నాలుగు తీసుకోండి, పెట్రోలు కలిసొస్తుంది."

నాలుగు అన్నాను.

జూన్ 9, సోమవారం

సెలవు. పొద్దున్నే బయల్దేరాం. ఉమర్‌కి అంతా చెప్పేశాను. "నాలుగు కేజీల కాజాలా?" అని మాత్రం అడిగాడు, దారిలో గోల్బర్న్ ఊరు దాటాక.

హారిసన్‌లో పచ్చిక మీద ఇంకా మంచు కరగలేదు. తలుపు తీసింది అమృతే.

"షేక్ గారి ఆర్డరేనాండీ, రెడీగా..." ఆగిపోయింది. "అక్కా."

ఆమె వెనకనుంచి సీతారావమ్మ గారు వచ్చారు. తెలిసినవాళ్ళమని తెలిసేసరికి ఆనందం పట్టలేకపోయారు. ఉమర్‌ని కుర్చీలో కూలేసి, "బాబూ, మీది కిరాణా కొట్టుట కదా, ఇక్కడ మైదా ఏమిటండీ అలా జిగురుగా ఉంటుంది?" అని మొదలుపెట్టారు. ఉమర్ నా వైపు చూసి తల ఊపాడు. వెళ్ళు, నేను చూసుకుంట, అని.

పెరట్లో బట్టల తీగ కింద నిలబడ్డాం.

"అత్తయ్యకి తెలీదు. ఉద్యోగం నచ్చక మానేశాననుకుంటారు" అంది, నేనేమీ అడక్కముందే.

సంచిలోంచి కోటు తీసి ఇచ్చాను. అలవాటు చొప్పున కాలర్ తిప్పి చూసింది. ఆ అక్షరం మీద బొటనవేలు పెట్టి అలాగే ఉండిపోయింది.

"నాదనుకుని ఉంచా. మొన్న చూస్తే నీది."

"అయితే మీది నా దగ్గరుండాలి. నేను చూడకుండా పారేశానక్కా. మొత్తం, బూట్లతో సహా." కాలర్ మళ్ళీ మడిచి, "ఎలా దొరికాను?" అంది.

"ఆర్ యు. టి హెచ్."

నవ్వేసింది. ల్యాబ్‌లో నవ్విన నవ్వే. వెంటనే మాయమైంది. "మీరూ వేశారా కేసు?"

"వేశాను. ఇంతవరకు ఎవరూ ఫిర్యాదు చెయ్యలేదని రాసిచ్చారు."

"అలా రాశారూ?" అంది. కోటుని నాలుగు మడతలు వేసింది, మళ్ళీ విప్పింది. "నేను మాట్లాడకూడదక్కా. సంతకం పెట్టాను."

"నేనేమీ అడగను."

"ఇంత దూరం కారేసుకొచ్చి ఏమీ అడగరా? నాలుగు కేజీల కాజాలు తినడానికొచ్చారా?" గొంతు పెరిగింది, వంటింటివైపు చూసి తగ్గించుకుంది. "నాకు సరిగ్గా నిద్ర పట్టడానికి ఎన్నేళ్ళు పట్టిందో తెలుసా? మీరు వెతికారు. నేను దొరకాలనుకుంటున్నానో లేదో ఒక్కసారైనా అనుకున్నారా?"

"అనుకున్నా. అనుకుని కూడా వచ్చా."

అబద్ధం చెప్పి ఉండొచ్చు. చెప్పలేదు. ఆ జవాబు నాకే మొరటుగా వినిపించింది.

తీగ మీద జారుతున్న క్లిప్పు ఒకటి సరిచేస్తూ అడిగాను, "ఆ పేరు తలకిందులుగా పడిందే, అది పొరపాటా?"

"మొదట పొరపాటే. లాయరు చూసి, దిద్దిస్తానన్నాడు. వద్దన్నాను."

"ఎందుకు వద్దన్నావు?"

నా ముఖంలోకి చూసింది. ఏదో చెప్పబోయినట్టే ఉంది. అంతలో లోపలినుంచి, "అమృతా, ఈయన కాఫీ తాగరుట, టీ పెట్టవే!" అని కేక. "వస్తున్నానత్తయ్యా" అంటూ కోటు చంకన పెట్టుకుని లోపలికి వెళ్ళిపోయింది.

టీ ఇచ్చింది. కాజాలు కట్టింది. కోటు తిరిగి ఇవ్వలేదు. 'మళ్ళీ రండి' అని అత్తగారు అన్నారు, ఆమె అనలేదు.

జూన్ 10

వెళ్ళకుండా ఉండాల్సింది.

జూన్ 11

వెళ్ళి మంచి పనే చేశాను. ఎవరో ఒకరు వెళ్ళాలి.

జూన్ 12

కాజాలు బాగున్నాయి. రుక్సార్ ఒక్కతే సగం తినేసింది. "హూ మేడ్ దీజ్?" అని అడిగితే, ఒక సాక్షి అత్తగారు అని నోటిదాకా వచ్చింది. సాక్షి అనే మాట నాలో నేను కూడా వాడకూడదు.

జూన్ 16, సోమవారం

డయాన్ ఫోన్. రిజిస్ట్రీని అడగనివ్వు, లేదా రాజీకి ఒప్పుకో, రెండింట్లో ఏదో ఒకటి చెప్పు అంది. కోపంగా కాదు. అసలు రెండూ కాక మూడో దారి కూడా ఉంది, ఆమెను సాక్షిగా రమ్మని కోర్టు చేత సమన్లు పంపించొచ్చు అంది. ఒప్పందంలో ఏ సంతకం ఉన్నా, కోర్టు పిలిచి అడిగితే చెప్పక తప్పదట, చెప్పినందుకు ఎవరూ ఏమీ చెయ్యలేరట. ఆమెకు ఇష్టం లేకపోయినా పంపొచ్చట.

అదే నాకు నచ్చనిది. ఇష్టం లేకపోయినా. ఈ కేసు మొత్తం ఆ రెండు మాటల మీదే కదా.

వద్దన్నాను. ఆమె లేకుండానే పోరాడతాను, నా మాట ఒక్కటీ చాలకపోతే ఓడిపోతాను అన్నాను. ఓడితే వాళ్ళ లాయర్ల ఖర్చు కూడా మీద పడొచ్చని గుర్తుచేసింది. ఫోన్ పెట్టేశాను.

ఉమర్ వంటింట్లోంచి అంతా విన్నాడు. వస్తాడు, లెక్కలు చెప్తాడు అనుకున్నాను. చాయ్ కప్పు నా ముందు పెట్టి, "రాస్కో. ఈసారి నిజంగనే పెట్టిన" అన్నాడు.

రాశాను.

జూన్ 18, బుధవారం

తెలియని నంబరు నుంచి మెసేజ్. తెలుగు లిపిలో ఉంది.

'అక్కా, కోర్టు పిలిస్తే చెప్పక తప్పదట కదా. మా పాత లాయర్ని అడిగి కనుక్కున్నాను. పిలవమనండి. అత్తయ్యకి నిన్న చెప్పేశాను. ఆవిడ రెండు గంటలు ఏడిచి, తరువాత ఆ బ్రెట్‌గాడికి కాజాలు వేయించే మూకుడుతో ఎక్కడ వాత పెట్టాలో చెప్పారు. అది ఇక్కడ రాయలేను. సమన్లలో పేరు స్పెల్లింగు జాగ్రత్త. హెచ్ వదిలేస్తే నేను రాను.'

నిలబడి చదివాను. కూర్చుని చదివాను. షాపుకు ఫోన్ చేసి ఉమర్‌కి చదివి వినిపించాను. కొనేవాళ్ళందరికీ వినబడేట్టు నవ్వాడు.

జూన్ 20, శుక్రవారం

గడువు ఇవాళ. పారమటాలో డయాన్ ఆఫీసుకి వెళ్ళి రాజీ వద్దని చెప్పాను. ఒక్క వాక్యంలో రాసి పంపించమన్నాను. మర్యాద మాటలు కూడా అక్కర్లేదన్నాను, ఆమె రెండు పెట్టింది.

పేరు సంగతి కూడా తేల్చాను. అక్షరాలు వద్దు. ఉన్న పేరుని ఇంకా కొంచెం పెంచమన్నాను: షేక్ తబస్సుం, టెస్ అని కూడా పిలవబడిన వ్యక్తి. డయాన్ అడిగింది, నీకు ఇష్టం లేని పేరు కదా, ఎందుకని. ఆ ల్యాబ్‌లో ఈ రోజు పనిచేస్తున్న అమ్మాయికి నేను తబస్సుం అని తెలీదు. టెస్ అని ఒకామె ఉండేదట, ఇంట్లో కారణాల వల్ల వెళ్ళిపోయిందట, అని విని ఉంటుంది. ఒక రోజు ఆ పేరు కొడుతుంది. కొడితే దొరకాలి. హెచ్‌లతో పని లేకుండా, మొదటిసారికే.

కోర్టు ఒప్పుకోవాలి ఇంకా. ఒప్పుకుంటుందనే అంది.

సాయంత్రం ఉమర్‌కి చెప్తే, "అయితే ఇగ గుంపుల లేవు" అన్నాడు.

"లేను."

"గోవిందా" అన్నాడు.

సయీదా ఆపాకి నేనే ఫోన్ చేశాను. సాజిద్ మళ్ళీ వెతికే శ్రమ పడకుండా, కొత్త పేరు ఎలా రాస్తారో అక్షరం అక్షరం చెప్పాను. ఆపా రాసుకున్నట్టు లేదు. విన్నది మాత్రం.

ఇంత బాగా ఉన్న రోజున కూడా ఒకటి వదలడం లేదు. అమృత ఎందుకు చెప్పకుండా వెళ్ళిపోయిందో ఇప్పుడు తెలుసు. ఆ ప్రశ్న ఖాళీ చేసిన చోట ఇంకోటి వచ్చి కూర్చుంది. తలకిందులైన పేరుని దిద్దనివ్వకపోవడం ఎందుకు? ఎవరికీ దొరక్కూడదనా? మనవాళ్ళలో ఒకరికైనా దొరకాలనా? రెండోదైతే నేను ఆమె వదిలిన దారినే వెళ్ళాను. మొదటిదైతే దాక్కున్న మనిషిని బయటికి లాగాను, ఆమె మంచిది కాబట్టి క్షమించి నా వెంట వస్తోంది. మెసేజ్ చదివితే దారే అనిపిస్తుంది. పెరట్లో ఆమె గొంతు గుర్తొస్తే దాక్కోవడమే అనిపిస్తుంది. ఆమెనే అడగొచ్చు. అడిగితే నా కోసం రెండోదే చెప్తుంది. అందుకే అడగను.

కేసు విషయంలో వెనక్కి చూడటం లేదు. దీని విషయంలో మాత్రం, నిజం చెప్పాలంటే, నేను తేల్చుకోలేకపోతున్నాను.